రచయితే నిర్మాత అయినచోట: విన్స్ గిల్లిగన్ వృత్తి జీవితం, ఒక కేస్ స్టడీ

మన దగ్గర నిర్మాత అనగానే డబ్బు పెట్టే మనిషి గుర్తుకొస్తాడు. ఫైనాన్స్ తెచ్చి, ఆర్టిస్టులకు అడ్వాన్సులిచ్చి, విడుదలనాడు కలెక్షన్ల లెక్క చూసుకునేవాడు నిర్మాత; కథ చెప్పి, సీన్ పేపర్లు అప్పగించి ఇంటికి వెళ్లిపోయేవాడు రచయిత. ఈ రెండు పనులూ వేరని, వేరుగా ఉండటమే మంచిదని నేనూ చాలాకాలం నమ్మాను. హైదరాబాదులో డైలీ సీరియళ్లకు పదకొండేళ్లపాటు స్క్రీన్‌ప్లే, మాటలు రాసి, ఆ తరవాత రెండు వెబ్ సిరీస్‌ల రచనా బృందాల్లో కూర్చున్నాక ఆ నమ్మకం సడలింది. ఆ రోజుల్లో నేను పనిగట్టుకుని చదువుకున్న ఉదాహరణ అమెరికన్ రచయిత, నిర్మాత విన్స్ గిల్లిగన్‌ది. ఆయన పేరు తెలియనివారికి కూడా ‘బ్రేకింగ్ బ్యాడ్’ పేరు తెలిసే ఉంటుంది. ఆ సిరీస్ ఎంత గొప్పదో చెప్పడం ఈ వ్యాసం ఉద్దేశం కాదు. ఆ పని ఇప్పటికే కావలసినంత జరిగింది. ఒక రచయిత చేతికి నిర్మాణం మీద అధికారం ఎలా వచ్చింది, వచ్చాక ఆ అధికారం కథలో ఏయే చోట్ల కనిపించింది అన్నదే ఇక్కడ పరిశీలించదలచిన విషయం.

ముందుగా ఒక పదం సంగతి చెప్పుకోవాలి. అమెరికన్ సిరీస్‌ల టైటిల్స్‌లో వరసగా పడే ‘ప్రొడ్యూసర్’ పేర్లలో చాలావరకు రచయితలవే. కొత్తగా చేరినవారు స్టాఫ్ రైటర్. ఆపైన స్టోరీ ఎడిటర్, కో-ప్రొడ్యూసర్, ప్రొడ్యూసర్, సూపర్‌వైజింగ్ ప్రొడ్యూసర్, కో-ఎగ్జిక్యూటివ్ ప్రొడ్యూసర్ అంటూ మెట్లుంటాయి. చివరి మెట్టు ఎగ్జిక్యూటివ్ ప్రొడ్యూసర్. ఆ మెట్టు మీద ఉండి మొత్తం కార్యక్రమాన్ని నడిపే రచయితను షోరన్నర్ అంటారు. పెట్టుబడి స్టూడియోది, ప్రసారం ఛానల్‌ది, వారి ఆమోదం లేకుండా పెద్ద ఖర్చేదీ జరగదు. కానీ ఏ సీను ఉండాలి, ఏ పాత్రకు ఎవరు కావాలి, ఎడిటింగ్‌లో ఏది పోవాలి అన్న రోజువారీ నిర్ణయాలు ఈ రచయితవే. సినిమాలో దర్శకుడికి ఉండే స్థానం అక్కడి టెలివిజన్‌లో రచయితకు ఉంటుంది. దర్శకులు ఎపిసోడ్‌కొకరు మారుతుంటారు. ఈ తేడా పట్టుకోకపోతే గిల్లిగన్ ప్రయాణం సగమే అర్థమవుతుంది.

పోటీలో గెలిచిన స్క్రిప్టు

గిల్లిగన్ 1967 ఫిబ్రవరి 10న వర్జీనియా రాష్ట్రంలోని రిచ్‌మండ్‌లో పుట్టి, అదే రాష్ట్రంలో ఫార్మ్‌విల్ అనే చిన్న ఊళ్లో పెరిగారు. తల్లి బడిలో టీచరు, తండ్రి బీమా క్లెయిములు చూసే ఉద్యోగి. స్నేహితుడి తల్లి వాడుకోమని ఇచ్చిన సూపర్-8 కెమెరాతో చిన్నతనంలోనే సైన్స్ ఫిక్షన్ సినిమాలు తీయబోయారు. తరవాత న్యూయార్క్ విశ్వవిద్యాలయంలోని టిష్ స్కూల్లో సినిమా చదువుకున్నారు. అక్కడ విద్యార్థిగా రాసిన ‘హోమ్ ఫ్రైస్’ స్క్రిప్టుకు 1989లో వర్జీనియా గవర్నర్ పేరిట ఇచ్చే స్క్రీన్‌రైటింగ్ అవార్డు దక్కింది. ఆ పోటీ న్యాయనిర్ణేతల్లో ‘రెయిన్ మ్యాన్’ నిర్మాత మార్క్ జాన్సన్ ఒకరు. కుర్రవాడి రాతలో సత్తా ఉందని గుర్తించిన జాన్సన్ ఆ తరవాత ఆయన్ను వదలలేదు; రెండు దశాబ్దాల తరవాత ‘బ్రేకింగ్ బ్యాడ్’ ఎగ్జిక్యూటివ్ ప్రొడ్యూసర్లలో జాన్సన్ పేరు కనిపించడానికి మూలం ఆ పోటీయే.

అయితే అవార్డు వచ్చినంత మాత్రాన పని వచ్చేయలేదు. ఆయన రాయగా మొదట తెరకెక్కిన ‘వైల్డర్ నేపామ్’ 1993లో విడుదలై, డెబ్రా వింగర్, డెన్నిస్ క్వెయిడ్ వంటి నటులున్నా ఆడలేదు. అవార్డు గెలుచుకున్న ‘హోమ్ ఫ్రైస్’ తెర మీదికి రావడానికి 1998 దాకా, అంటే తొమ్మిదేళ్లు పట్టింది. సినిమా రచయిత బతుకు అక్కడా ఇక్కడా ఒకటేనని ఈ తేదీలు చూసినప్పుడల్లా అనిపిస్తుంది: స్క్రిప్టు అమ్ముడుపోయిన రోజే అది మన చెయ్యి జారిపోతుంది, తరవాత దాని గతి ఏమైందో మనకూ మిగతావాళ్లతో పాటే తెలుస్తుంది.

ఏడేళ్ల శిష్యరికం

గిల్లిగన్ వృత్తి జీవితంలో నా దృష్టిలో అన్నిటికన్నా ముఖ్యమైన దశ ‘బ్రేకింగ్ బ్యాడ్’ కాదు, దానికి ముందున్న ‘ద ఎక్స్-ఫైల్స్’. ఆ సిరీస్‌కు ఆయన ముందు అభిమాని. సృష్టికర్త క్రిస్ కార్టర్‌ను కలిసి, బయటి రచయితగా ఒక ఎపిసోడ్ రాసే అవకాశం తెచ్చుకున్నారు; నీడ తగిలిన మనుషులు మాయమైపోయే ఒక శాస్త్రవేత్త కథ అది, 1995 మేలో ప్రసారమైంది. మూడో సీజన్ నుంచి సిబ్బందిలో చేరారు. 2002లో ఆ సిరీస్ మొదటి ప్రస్థానం ముగిసేలోగా సొంతంగానో, ఇతరులతో కలిసో 30 ఎపిసోడ్లు రాశారు. కో-ప్రొడ్యూసర్, సూపర్‌వైజింగ్ ప్రొడ్యూసర్, కో-ఎగ్జిక్యూటివ్ ప్రొడ్యూసర్ మెట్లన్నీ ఎక్కి ఎగ్జిక్యూటివ్ ప్రొడ్యూసర్ అయ్యారు. రెండు ఎపిసోడ్లకు దర్శకత్వం కూడా వహించారు.

ఈ అంకెల వెనక జరిగిన పని ఏమిటన్నది అసలు ప్రశ్న. కార్టర్ నడిపిన ఆ వ్యవస్థలో రచయిత పని పేపర్లు ఇవ్వడంతో అయిపోయేది కాదు. నటుల ఎంపిక జరిగేటప్పుడు, ఎడిటింగ్ గదిలో, సౌండ్ మిక్సింగ్ దగ్గర తన ఎపిసోడ్ వెంట తానుండాలి. నిర్మాణం ఎలా చేయాలో తాను నేర్చుకున్నది అక్కడేనని గిల్లిగన్ తరవాత చాలాసార్లు చెప్పుకున్నారు. ఇందులో ఒక సూక్ష్మం ఉంది. ‘వర్షంలో గుంపు పరుగెత్తుతుంది’ అని రాయడానికి రచయితకు నాలుగు మాటలు చాలు. ఆ నాలుగు మాటలకు ఎన్ని ట్యాంకర్ల నీళ్లు, ఎంతమంది జూనియర్ ఆర్టిస్టులు, ఎన్ని జతల బట్టలు, ఎన్ని గంటల కాల్షీటు అవుతాయో ఒక్కసారి దగ్గరుండి చూసినవాడు రెండోసారి ఆ వాక్యం ఊరికే రాయడు. రాస్తే, అది లేకపోతే కథే లేదు అనుకున్నప్పుడు రాస్తాడు.

ఆ దశలోని ఒక్క ఎపిసోడ్‌ను దగ్గరగా చూద్దాం. 1998 నవంబరులో ప్రసారమైన ‘డ్రైవ్’లో ఒక మనిషికి చెవుల్లో భరించరాని ఒత్తిడి, కారు పడమరకు వేగంగా పోతున్నంతసేపే అతను బతుకుతాడు, ఆగితే చస్తాడు. ఆ మనిషి మంచివాడు కాదు. నోరు తెరిస్తే జాతి ద్వేషం. అయినా చివరికొచ్చేసరికి ప్రేక్షకుడు అతని కోసం బాధపడాలి. ఇది రాతలో సగమే తీరే సమస్య. మిగతా సగం నటుడు తీర్చాలి. ఆ నటుడి కోసం వెతికితే దొరికినవారు బ్రయాన్ క్రాన్‌స్టన్. అసహ్యమూ జాలీ ఒకే ముఖంలో పలికించగలరని గిల్లిగన్ అప్పుడే గుర్తుపెట్టుకున్నారు. దాదాపు పదేళ్ల తరవాత, ‘మాల్కమ్ ఇన్ ద మిడిల్’లో నవ్వించే తండ్రిగా మాత్రమే క్రాన్‌స్టన్‌ను ఎరిగిన ఏఎంసీ ఛానల్‌వారు ఆయన్ను ‘బ్రేకింగ్ బ్యాడ్’ కథానాయకుడైన కెమిస్ట్రీ టీచరు వాల్టర్ వైట్ పాత్రకు తీసుకోవడానికి తటపటాయిస్తే, గిల్లిగన్ వాదించడం మాని ఈ పాత ఎపిసోడ్‌ను వారికి చూపించారు. నటుల ఎంపికలో కూర్చోని రచయితకు ఆ జ్ఞాపకమూ ఉండేది కాదు, చూపించడానికి ఆ సాక్ష్యమూ ఉండేది కాదు.

ఖాళీ ఏళ్లు

2001లో ‘ఎక్స్-ఫైల్స్’కు అనుబంధంగా గిల్లిగన్ మరో ముగ్గురితో కలిసి సృష్టించిన ‘ద లోన్ గన్‌మెన్’ 13 ఎపిసోడ్లతో ఆగిపోయింది. మరుసటి ఏడాది అసలు సిరీస్ కూడా ముగిసింది. ఆ తరవాత అయిదారేళ్లు ఆయన చేతిలో నిలబడిన కార్యక్రమం ఒక్కటీ లేదు. సీబీఎస్ కోసం రాసిన ‘బ్యాటిల్ క్రీక్’ అప్పట్లో తెరకెక్కలేదు. విన్సెంట్ ఎన్‌గో 1996లో రాసిన ఒక స్క్రిప్టును తిరగరాసిన రచయితల్లో ఒకరుగా పనిచేస్తే, అది 2008లో ‘హాన్‌కాక్’గా వచ్చి ప్రపంచమంతా కలిపి 60 కోట్ల డాలర్లకు పైగా వసూలు చేసింది, అది విల్ స్మిత్ సినిమాగా గుర్తుండిపోయిందే తప్ప రచయితల పేర్లు ఎవరికీ పట్టలేదు.

ఈ ఖాళీలోనే, కాలేజీ రోజుల మిత్రుడూ ‘ఎక్స్-ఫైల్స్’ సహరచయితా అయిన థామస్ ష్నాజ్‌తో ఒకరోజు ఫోన్‌లో మాట్లాడుతూ, పని దొరక్కపోతే ఏంచేద్దామని ఇద్దరూ హాస్యమాడుకున్నారు. ఒక వ్యానులో మెత్ అనే మత్తుమందు తయారుచేసుకుంటూ దేశం తిరగొచ్చు అన్నది ఆ హాస్యంలో వచ్చిన మాట. నలభై దగ్గరపడుతున్న, పని లేని ఒక మధ్యతరగతి మనిషి అలాంటి పని చేస్తే ఎలా ఉంటుందన్న ఊహ గిల్లిగన్‌ను పట్టుకుంది. కథానాయకుడు మెల్లమెల్లగా ప్రతినాయకుడిగా మారిపోవడమన్న ఆలోచన దానికి తోడైంది. టెలివిజన్‌లో పాత్ర ఎన్నేళ్లయినా అదే పాత్రగా ఉండాలన్నది అప్పటిదాకా నడిచిన వ్యాపార సూత్రం. ప్రతివారం వచ్చే ప్రేక్షకుడికి తెలిసిన ముఖమే కనిపించాలి కదా. ఆ సూత్రాన్ని లోపలినుంచి ఏడేళ్లు పాటించినవాడు కాబట్టే దాన్ని ఎక్కడ తెంచాలో ఆయనకు తెలిసిందని నా అభిప్రాయం.

సోనీ టెలివిజన్ అండతో ఆ కథ తలుపులు తట్టడం మొదలుపెట్టింది. ఎఫ్ఎక్స్ ఛానల్ ముందు తీసుకుని తరవాత వదిలేసింది. హెచ్‌బీఓ దగ్గర పని జరగలేదు. షోటైమ్‌లో గంజాయి అమ్మే గృహిణి కథతో ‘వీడ్స్’ 2005 నుంచే నడుస్తోంది. చివరికి పాత సినిమాలు వేసుకునే ఏఎంసీ, సొంత కార్యక్రమాలతో పేరు తెచ్చుకోవాలన్న తాపత్రయంలో ఉండి, దీన్ని తీసుకుంది. పెద్ద ఛానల్ కాకపోవడం మేలు చేసింది. పోగొట్టుకోవడానికి పెద్దగా ఏమీ లేనివాళ్లు రచయితకు ఎక్కువ వదిలిపెడతారు.

ఇబ్బంది కథగా మారిన తీరు

‘బ్రేకింగ్ బ్యాడ్’ 2008 జనవరి 20న మొదలై 2013 సెప్టెంబరు 29న ముగిసింది. అయిదు సీజన్లు, 62 ఎపిసోడ్లు. మొదటి ఎపిసోడ్‌ను సుమారు 14 లక్షల మంది చూస్తే, చివరి ఎపిసోడ్‌ను కోటీ 2 లక్షల మందికి పైగా చూశారు. ఉత్తమ డ్రామా సిరీస్‌గా 2013, 2014 సంవత్సరాల్లో ఎమ్మీలు (అమెరికన్ టెలివిజన్ అవార్డులు) వచ్చాయి. మధ్యలో నెట్‌ఫ్లిక్స్‌లో పాత సీజన్లు దొరకడంవల్లే తమ సిరీస్ నిలిచిందని గిల్లిగన్ స్వయంగా ఒప్పుకున్నారు. ఫలితాలు ఇవి. వీటికి దారితీసిన నిర్ణయాల్లో నాలుగింటిని మాత్రం కాస్త నిదానంగా చూడాలి, ఎందుకంటే నాలుగూ నిర్మాణంలో వచ్చిన ఇబ్బందులే.

మొదటిది ఊరు. స్క్రిప్టులో కథ కాలిఫోర్నియాలోని రివర్‌సైడ్‌లో జరుగుతుంది. న్యూ మెక్సికో రాష్ట్ర ప్రభుత్వం చిత్రీకరణ ఖర్చులో 25 శాతం తిరిగి ఇస్తోంది కాబట్టి అక్కడ తీద్దామని స్టూడియో సూచించింది. ఇలాంటప్పుడు సాధారణంగా జరిగేది ఏమిటో మన పాఠకులకు చెప్పనక్కర్లేదు: రామోజీ ఫిల్మ్ సిటీలో ఒక వీధికి హిందీ బోర్డులు తగిలిస్తే అది ఢిల్లీ అయిపోతుంది. గిల్లిగన్ అలా చేయలేదు. అక్కడి ఆల్బుకర్కీ నగరంలో ఎటు కెమెరా పెట్టినా సాండియా కొండలు కనబడతాయి, వాటిని ఫ్రేములోకి రాకుండా తప్పించుకుంటూ అయిదేళ్లు తీయడం అయ్యే పని కాదు. కాబట్టి కథనే ఆల్బుకర్కీకి మార్చేశారు. ఆ ఎడారి, ఆ వెడల్పాటి ఆకాశం, మెక్సికో సరిహద్దు దగ్గరతనం ఆ తరవాత కథలో ఎంత భాగమయ్యాయో చూసినవారికి తెలుసు. పన్ను రాయితీ కాగితం మీద పుట్టిన నిర్ణయం అది.

రెండోది నటుడి డేట్లు. రెండో సీజన్ చివరి ఎపిసోడ్‌లో ఒక యువతి శవం పక్కన దిక్కుతోచక కూర్చున్న జెస్సీ (వాల్టర్‌తో కలిసి మెత్ తయారుచేసే కుర్రాడు) ఇంటికి లాయర్ సాల్ గుడ్‌మన్ వచ్చి ఆనవాళ్లు చెరిపేయాలి. ఆ పాత్రధారి బాబ్ ఓడెన్‌కర్క్ మరో కార్యక్రమానికి ఒప్పుకుని ఉండటంవల్ల రాలేకపోయారు. ఆ స్థానంలో సాల్ పంపిన మనిషిగా, జొనాథన్ బ్యాంక్స్ వేసిన మైక్ అనే పాత్రను సృష్టించారు. తక్కువ మాటలు, అలసిన కళ్లు, పని తెలిసిన చేతులు. జెస్సీని చెంపదెబ్బ కొట్టి, పోలీసులకు ఏం చెప్పాలో అప్పజెప్పించుకుని వెళ్లిపోతాడు. నోటి వాగుడుతో బతికే సాల్ ఆ గదిలో ఉండి ఉంటే ఆ సీను ఇంకోలా ఉండేది, బహుశా పలచబడేది. ఒక్క సీను కోసం వచ్చిన మైక్ తరవాతి సీజన్లకు ఒక స్తంభమయ్యాడు.

ఇక్కడ నా సొంత అనుభవం ఒకటి చెప్పకుండా ఉండలేను. నేను రాస్తున్న ఒక సీరియల్‌లో వరలక్ష్మీ వ్రతం రోజున అత్తగారు వీలునామా రహస్యం బయటపెట్టే సీను మరునాటి షూటింగులో ఉంది. దానికోసం మూడు వారాలుగా ట్రాక్ నడిపాం. మధ్యాహ్నం మూడింటికి ప్రొడక్షన్ మేనేజర్ ఫోన్ చేశారు. “సార్, అమ్మకి డేట్స్ లేవు, అవుట్‌డోర్‌కి వెళ్లిపోయారు. కాశీకి పంపించేశాం సార్. పనిమనిషి చేత ఒక్క డైలాగ్ చెప్పించేద్దాం, రాసి వాట్సాప్ చెయ్యండి.” నేను రాసిన డైలాగ్ ఇది: ‘అమ్మగారు రాత్రి బండికే కాశీ వెళ్లారండీ.’ వ్రతం పెట్టుకున్న మనిషి ముందురోజు రాత్రి కాశీ ఎందుకు వెళ్తుందని చూసేవాళ్లలో ఎవరూ అడగలేదు. అడిగినా నేను చెప్పగలిగింది లేదు. సంఘటన రెండుచోట్లా ఒకటే. అక్కడ డేట్లు లేవన్న కబురు కథ తెలిసిన మనిషి దగ్గరికి ముందు వచ్చింది, ఆయన చేతిలో కొత్త నటుణ్ణి తీసుకునే అధికారం ఉంది. ఇక్కడ కబురుకన్నా ముందే నిర్ణయం అయిపోయింది. వారానికి ఆరు ఎపిసోడ్లు బయటికి పోవలసిన డైలీ సీరియల్‌ను ఏడాదికి 13 తీసే కార్యక్రమంతో పోల్చడం పూర్తిగా న్యాయం కాదని నాకూ తెలుసు. ఒక్క గంట వ్యవధి ఇచ్చి ఉన్నా అత్తగారు కాశీ వెళ్లేది కాదని మాత్రం ఇప్పటికీ అనుకుంటాను.

మూడోది డబ్బు. మూడో సీజన్ పదో ఎపిసోడ్ వచ్చేసరికి బడ్జెట్ బిగుసుకుపోయింది. యూనిట్ బళ్లను ఒకచోటినుంచి మరోచోటికి కదిలించే స్తోమత కూడా లేదు. అందుకని ఉన్న సెట్టులోనే, ఇద్దరే నటులతో, మెత్ తయారుచేసే ల్యాబ్‌లో దూరిన ఒక ఈగను పట్టుకోవడమే కథగా ‘ఫ్లై’ తీశారు. 2010 మేలో వచ్చిన ఈ ఎపిసోడ్‌కు రచయితలు శామ్ క్యాట్లిన్, మొయిరా వాలీ-బెకెట్. దర్శకుడు రయన్ జాన్సన్. ప్రేక్షకుల్లో చాలామందికి నచ్చలేదు. కథ కదలలేదన్నది వారి ఫిర్యాదు. నిద్రలేమిలో తూలుతున్న వాల్టర్, తాను ఎప్పుడు చనిపోయి ఉంటే బాగుండేదో లెక్క వేసుకుంటూ, జెస్సీకి చెప్పకూడని నిజం అంచుదాకా వచ్చి ఆగిపోయే ఆ కొద్ది నిమిషాలు ఈ సిరీస్‌లోకెల్లా బలమైన రచన అని నేనంటాను. ఖర్చు లేని చోట రచయితకు మిగిలేది పాత్ర మనసొక్కటే.

నాలుగోది సమ్మె. 2007 నవంబరు 5 నుంచి 2008 ఫిబ్రవరి 12 దాకా అమెరికన్ రచయితల సంఘం సమ్మె చేసింది. దాంతో మొదటి సీజన్ తొమ్మిదికి బదులు ఏడు ఎపిసోడ్లతో ఆగింది. సీజన్ చివర జెస్సీని చంపేయాలని గిల్లిగన్ మొదట అనుకున్న మాట నిజం. అందువల్ల ‘సమ్మె జెస్సీని బతికించింది’ అన్న కథ బాగా ప్రచారమైంది. వినడానికి బాగుంటుంది కానీ అది సరికాదని గిల్లిగనే తరవాత సవరించారు. జెస్సీగా వేసిన ఆరన్ పాల్ నటన చూశాక, రెండో ఎపిసోడ్ తీసేనాటికే ఆ పాత్రను చంపకూడదని అర్థమైపోయిందట. వృత్తిలో ఉన్నవారికి ఈ సవరణే ఎక్కువ పనికొస్తుంది. రోజూ రష్ (ఆనాడు తీసిన దృశ్యాలు) చూసే రచయిత, తాను కాగితం మీద అనుకున్నదానికన్నా తెర మీద కనిపించినదాన్ని నమ్మి పథకం మార్చుకున్నారు.

గది, బోర్డు, తుపాకి

రచన కాలిఫోర్నియాలోని బర్బ్యాంక్‌లో జరిగేది. చిత్రీకరణ అక్కడికి వెయ్యి కిలోమీటర్లకు పైగా దూరంలో ఉన్న ఆల్బుకర్కీలో. గదిలో అరడజను మందికి కాస్త అటూ ఇటుగా రచయితలు. గోడకు కార్క్ బోర్డు. ఒక్కో సంఘటన ఒక్కో కార్డు మీద రాసి గుచ్చుతారు. ఎపిసోడ్ మొత్తం కార్డుల్లో కుదిరేదాకా ఎవరూ స్క్రిప్టు రాయడానికి కూర్చోరు. తరవాత ఏం జరిగితే బాగుంటుందన్న ప్రశ్నను గిల్లిగన్ ఆ గదిలో పెద్దగా ప్రోత్సహించేవారు కాదు. ఈ క్షణంలో వాల్టర్ మనసు ఎక్కడుంది, అతనికి ఏం కావాలి, దేనికి భయపడుతున్నాడు అన్న ప్రశ్న దగ్గరికే అందరినీ తిరిగి తీసుకొచ్చేవారు. రసాయన శాస్త్రం తప్పుపోకుండా ఓక్లహోమా విశ్వవిద్యాలయం ఆచార్యులు డోనా నెల్సన్ సలహాలిచ్చారు. ఎపిసోడ్ రాసినవారు దాని చిత్రీకరణకు ఆల్బుకర్కీ వెళ్లి సెట్లో ఉండాలన్నది నియమం. ‘ఎక్స్-ఫైల్స్’లో తాను పొందిన శిక్షణనే గిల్లిగన్ తన కింది రచయితలకు ఇచ్చారన్నమాట.

పథకం ఎంత ముందుగా వేయాలన్న విషయంలో ఈ బృందం తన పద్ధతిని తానే మార్చుకోవడం గమనించదగ్గది. రెండో సీజన్‌ను మొదలునుంచి చివరిదాకా ముందే నిర్ణయించుకున్నారు. ఈతకొలనులో తేలే గులాబీ రంగు బొమ్మతో నలుపు-తెలుపు దృశ్యాలు చూపిస్తూ, చివరి విమాన ప్రమాదానికి నాలుగు ఎపిసోడ్ల పేర్లలోనే ఆనవాలు దాచారు. ఆ పని ఎంత శ్రమ పెట్టిందంటే మళ్లీ అలా చేయలేదు. మూడో సీజన్‌లో కవల సోదరుల పాత్రల్ని సీజన్ పొడవునా ప్రధాన శత్రువులుగా నడపాలనుకున్నా, కథ వేడెక్కడంతో ఏడో ఎపిసోడ్‌లోనే ఆ కథ తేల్చేశారు. ఖాళీ అయిన చోటు మత్తుమందు వ్యాపారి గస్ పాత్రకు దక్కింది. అయిదో సీజన్ మరీ సాహసం. 2012 జులై 15న వచ్చిన మొదటి ఎపిసోడ్‌లో, గడ్డం పెరిగిన వాల్టర్ తన 52వ పుట్టినరోజున ఒక పెద్ద మెషిన్‌గన్ కొని కారు డిక్కీలో పెట్టుకుంటాడు. ఆ తుపాకితో ఏం చేస్తాడో రాసినవారికే తెలియదు. ప్రేక్షకుడికి బాకీ పడి, ఆ బాకీ ఎలా తీర్చాలో తెలియక నెలల తరబడి కంగారుపడ్డారు. చివరి ఎపిసోడ్‌లో గానీ ఆ తుపాకి పేలలేదు. నేనైతే కొత్త రచయితలకు ఈ పద్ధతి చెప్పను. తీర్చేదాకా గదిలోనే ఉండే హక్కు చేతిలో ఉన్నవారు మాత్రమే ఇలాంటి అప్పు చేయాలి.

పేరు ఉంది, మనిషి లేడు

ఈ వాదనకు ఎదురు పరీక్ష కూడా గిల్లిగన్ జీవితంలోనే ఉంది. ‘బ్రేకింగ్ బ్యాడ్’ విజయం తరవాత సీబీఎస్ ఆ పాత ‘బ్యాటిల్ క్రీక్’ స్క్రిప్టును దులిపి తీసింది. స్క్రిప్టు ఆయనదే, పేరూ ఆయనదే. కానీ అప్పటికే ఆయన ‘బెటర్ కాల్ సాల్’ పనిలో మునిగి ఉన్నారు. అనుభవజ్ఞుడైన డేవిడ్ షోర్ దాన్ని నడిపారు. 2015లో 13 ఎపిసోడ్లు వచ్చాక ఆగిపోయింది. కారణాలు ఇంకా ఉండవచ్చు, ఒక్క ఉదాహరణతో సూత్రం కట్టకూడదు. అయినా సృష్టికర్త పేరు ప్రేక్షకుణ్ణి మొదటి వారం రప్పించగలదేమోగానీ పదో వారం కూర్చోబెట్టలేదనడానికి ఇది చక్కని దృష్టాంతం.

‘బెటర్ కాల్ సాల్’ దీనికి మరో పక్కను చూపుతుంది. 2015 ఫిబ్రవరి నుంచి 2022 ఆగస్టు దాకా 63 ఎపిసోడ్లు నడిచిన ఈ సిరీస్‌ను గిల్లిగన్, పీటర్ గూల్డ్ కలిసి సృష్టించారు. మొదట అరగంట హాస్య కార్యక్రమంగా చేద్దామా అని కూడా ఆలోచించారు. మూడో సీజన్ తరవాత గిల్లిగన్ రచనా గదినుంచి తప్పుకున్నారు. నాలుగో సీజన్ నుంచి గూల్డ్ ఒక్కరే నడిపించారు. సిరీస్ చెక్కుచెదరలేదు, మెరుగైందనేవారూ ఉన్నారు. గూల్డ్ బయటినుంచి వచ్చిన మనిషి కాదు; 2009లో సాల్ పాత్ర మొదట కనిపించిన ఎపిసోడ్ రాసింది ఆయనే. అంటే ఇది ఒక మనిషి ప్రతిభకు సంబంధించిన విషయంగా మాత్రమే మిగలలేదు. గదిలో, సెట్లో పెరిగిన రచయితకు తాళంచెవి అప్పగిస్తే ఇల్లు నిలిచింది. (ఈ సిరీస్‌కు మొత్తం 53 ఎమ్మీ నామినేషన్లు వచ్చి ఒక్క అవార్డూ రాలేదు. అవార్డుల లెక్కతో వృత్తిని కొలిచేవారు ఈ అంకెను కాసేపు చూస్తూ ఉండాలి.)

ఆ పెరిగే దారే ఇటీవల మూసుకుపోతోంది. స్ట్రీమింగ్ సంస్థలు వచ్చాక, చిత్రీకరణకు చాలా ముందే కొద్దిమంది రచయితలను కొన్ని వారాలపాటు కూర్చోబెట్టి, స్క్రిప్టులు తీసుకుని, పంపించేయడం అక్కడ ఎక్కువైంది. అలా చేసిన కొత్త రచయిత సెట్టు ముఖమే చూడడు. చూడనివాడు రేపు షోరన్నర్ ఎలా అవుతాడు? 2023లో 148 రోజులు సాగిన రచయితల సమ్మెకు ఉన్న కారణాల్లో ఇదీ ఒకటి. గదిలో కనీసం ఇంతమంది ఉండాలని, చిత్రీకరణ జరిగేటప్పుడూ కొందరు రచయితలను కొనసాగించాలని ఆ సమ్మె తరవాతి ఒప్పందంలో చేరింది.

గిల్లిగన్ మళ్లీ ఆల్బుకర్కీకే వెళ్లారు. 2022లో ఆపిల్ సంస్థ ఒక్క ఎపిసోడ్ కూడా తీయకముందే రెండు సీజన్లకు ఒప్పుకున్న ‘ప్లూరిబస్’ 2025 నవంబరులో మొదలైంది. కథానాయిక ‘బెటర్ కాల్ సాల్’లో నటించిన రియా సీహార్న్. చివరి టైటిల్స్‌లో ఈ కార్యక్రమాన్ని మనుషులు తయారుచేశారన్న వాక్యం ఒకటి వేశారు. అదే ఏడాది ఫిబ్రవరిలో రచయితల సంఘం ఇచ్చిన గౌరవ పురస్కారం అందుకుంటూ, ఇకమీదట మంచివాళ్ల కథలు ఎక్కువ రాయవలసి ఉందన్నారు. వాల్టర్ వైట్‌ను సృష్టించిన మనిషి ఆ మాట అనడం కొందరికి విడ్డూరంగా తోచింది.

ఈ కేసును చదివాక నా పనిలో మారింది చాలా చిన్నది. మొన్న కొత్త వెబ్ సిరీస్ ఒప్పందం మీద సంతకం పెట్టేముందు, పారితోషికంలో కొంత తగ్గించుకుని, రెండు వాక్యాలు చేర్చమని అడిగాను. నా ఎపిసోడ్లు తీసే రోజుల్లో నేను సెట్లో ఉంటాను. రఫ్ కట్ (తొలి ఎడిటింగ్ ప్రతి) ఛానల్‌కు వెళ్లేముందు నేను చూస్తాను. మొదటిదానికి వెంటనే ఒప్పుకున్నారు, అయితే కారు పంపించేది లేదు, సొంత బండి మీద రావాలన్నారు. రెండోదానికి ఎదురుగా కూర్చున్నాయన పెన్ను మూత పెట్టి, “అది ఎడిటర్‌ని అడిగి చెప్తాం సార్” అన్నారు. ఆ కబురు ఇంకా రాలేదు. షూటింగ్ వచ్చే సోమవారం నుంచి.